తట్టకుండా వదిలేసిన తలుపు

సినిమా నిర్మాత అంటే తెల్ల చొక్కా, వేళ్ళకు ఉంగరాలు, వెనక గొడుగు పట్టుకునే మనిషి అని మీరనుకుంటూ ఉంటారు. నేను పన్నెండేళ్ళు ఒక నిర్మాత దగ్గర పనిచేశాను. ఆమె వెనక గొడుగు ఏనాడూ చూడలేదు. ఆమె చేతిలో చీపురు చూశాను, అన్నం డబ్బాలు చూశాను. ఒకసారి మంగఫ్‌లో బిల్డింగు మేడమీద దుమ్ములో పావురం నడిచిన అడుగులను పళ్ళు తోముకునే బ్రష్షుతో ఒక్కొక్కటే చెరుపుతూ కూర్చున్నప్పుడు చూశాను. ఎందుకంటే కథలో ఆ మేడమీదికి అంతవరకూ ఎవరూ రాలేదు. పావురం కూడా రాకూడదు.

ఆమె పేరు హనయే. జపాను మనిషి. నా పేరు సుబ్బమ్మ. రాయచోటి దగ్గర పల్లె మాది. చదివింది మూడో తరగతి, అది కూడా సగం. ఈ నెలతో నా ఇఖామా, అంటే ఈ అరబ్బు దేశంలో ఉండనిచ్చే కాగితం, ఖలాస్. ఇంటికి పోతున్నాను. శుక్రవారం సెలవుల్లో సినిమాలు తీసే పిల్లలు ఇప్పుడు ఇక్కడ చాలామంది తయారయ్యారు. "అవ్వా, ప్రొడక్షన్ పని అంటే ఏంది?" అని ఫోన్లు చేస్తుంటారు. అందరికీ విడివిడిగా చెప్పే ఓపిక లేక ఒక్కసారే రాసి పెడుతున్నాను. కాగితాలు, అనుమతుల సంగతి రాయను, అవి ఏడాదికోసారి మారతాయి. కానీ అవి లేకుండా రోడ్డుమీద కెమెరా ఎత్తకండి. ఎత్తి పట్టుబడినవాడు నా పేరు చెప్పొద్దు.

నేను ఈ పనిలో పడిన తీరు

హనయే సాన్ భర్త ఇక్కడ చమురు పనుల్లో ఇంజినీరు. అబూ హలీఫాలో సముద్రం వైపు ఫ్లాటు. నేను వంటకు చేరాను. ఇక్కడ ఇంటి యజమానురాలిని పిలిచే అలవాటు ప్రకారం "మామా" అని పిలిస్తే ఆమె రెండు చెవులూ మూసుకుంది. "హనయే సాన్ చాలు" అంది. సాన్ అంటే మన గారు లాంటిది. నన్నేమో సుబ్బమ్మ సాన్ అంది. అంతవరకు ఈ దేశంలో నన్ను గారు అన్నవాళ్ళు లేరు. వెటకారం చేస్తోందనుకుని రెండు రోజులు కూరలో ఉప్పు తగ్గించి పెట్టాను.

మొదట్లో మా ఇద్దరి భాష సగం అరబ్బీ, సగం చేతులు. ఏడాది తిరిగేసరికి ఆమె తెలుగు పట్టింది. నా దగ్గర పట్టింది కాబట్టి రాయచోటి తెలుగే పట్టింది. కెమెరా తిరగాలంటే గట్టిగా "కానీ మ్మే!" అనేది. మ్మే అని మా వైపు ఆడవాళ్ళనే పిలుస్తారు. ఎదురుగా ఆరడుగుల మీసాల మనిషి నిలబడి ఉన్నా సరే, "కానీ మ్మే!"

వాళ్ళ దేశంలో ఇరవై ఏళ్ళు ఆమె చిన్న సినిమాలు తీసింది. పెద్ద కంపెనీలు లేకుండా, సొంతంగా. సొంతంగా అంటే గొప్ప అనుకోకండి. మనకు అన్నం పంపేవాళ్ళు ఎవరూ లేరని దాని అర్థం. మొదటి ఉద్యోగంలో ఆమె పని అన్నం ముద్దలు మోయడం. అక్కడి ముసలి యజమాని ఆమెకు నేర్పింది ఒకటే: అన్నం పది నిమిషాలు ఆలస్యమైతే సినిమా ఒక పూట ఆలస్యం అవుతుంది. ఇది విన్న రోజే నాకు ఆ పనిమీద గౌరవం వచ్చింది. ఇదంతా నాకు తెలిసిన పనే కదా, పేరు మాత్రం నిర్మాత!

ఇక్కడికొచ్చాక ఆమె ఊరుకోలేదు. మంగఫ్ క్యాంపుల్లో ఉండేవాళ్ళు, ఇళ్ళల్లో పనిచేసేవాళ్ళు, శుక్రవారం మాత్రమే ఖాళీ దొరికేవాళ్ళను పోగుచేసింది. డైరెక్టరు సంపత్ అని కరీంనగర్ వైపు అతను, వారమంతా ఎలక్ట్రీషియన్. నేను అన్నానికి పోయి, చీరలకు, గిన్నెలకు, మనుషులకు అన్నిటికీ బాధ్యురాలినై కూర్చున్నాను.

ఉతికిన చొక్కా

నా మొదటి తప్పు రాస్తాను. దాచుకుంటే మీరూ చేస్తారు.

ఒక మేస్త్రీ కథ తీస్తున్నారు. సంపత్ ఒక చొక్కాను నెల రోజులు ఎండలో పెట్టి, సిమెంటు రాసి, చెమట పట్టించి, భుజం మీద చిరుగు పెట్టి, అపురూపంగా మురికి చేసుకున్నాడు. సగం సినిమా ఆ చొక్కాతో అయిపోయింది. గురువారం అది నా కంట పడింది. నానబెట్టాను, బండసబ్బు పెట్టాను, చిరుగు కుట్టాను, గంజి పెట్టి ఇస్త్రీ చేసి హ్యాంగరుకు తగిలించాను.

శుక్రవారం పొద్దున సంపత్ వచ్చి చూశాడు. హ్యాంగరుతో సహా చొక్కాను ఎత్తి పట్టుకున్నాడు.

"అవ్వా! ఏం జేసినవ్ అవ్వా! నెల దినాల మురికి అవ్వా అది!"

"మురికిని కడిగితే తిడతావేంది? మీయమ్మ చూసుంటే నాకు దండం పెట్టేది."

"గిది మేస్త్రీ అంగి గాదు, పెండ్లికొడుకు అంగి అయింది! నిన్న మురికి, ఇయ్యాల ఇస్త్రీ, నడుమల వాడు ఏడికి పోయిండని చూసేటోళ్ళు అడగరా?"

హనయే సాన్ చొక్కా వాసన చూసింది, గంజి గట్టిదనం వేలితో తట్టి చూసింది, నేలమీద కూలబడి నవ్వింది. నవ్వి నవ్వి కళ్ళు తుడుచుకుని, "సుబ్బమ్మ సాన్, పా, మళ్ళీ మురికి జేద్దాం" అంది. ఇద్దరం మేడమీద ఆ చొక్కాను ఇసకలో వేసి, గిన్నె తోమినట్టు తోమాం. నా జన్మలో బట్టను మురికి చేయడానికి అంత కష్టపడింది అప్పుడే. మధ్యాహ్నానికి పని జరిగింది. కానీ నేను కుట్టిన చిరుగు మాత్రం ఆమె విప్పనివ్వలేదు. ఆ సినిమాలో సగం నుంచి మేస్త్రీ భుజం మీద కుట్టు ఉంటుంది. ఎవరు కుట్టారని ఎవరో పెద్దమనిషి అడిగితే, "కథలో కనబడని భార్య" అని చెప్పింది హనయే సాన్. అంత తెలివి నాకు లేదు.

సెట్టులో మురికి కూడా ఒకరి కష్టమే. అడక్కుండా కడగొద్దు.

ఆమెకున్న లోపం

నా యజమాని దేవత అని రాయను. ఆమెకు "వద్దు" అనడం రాదు. వాళ్ళ దేశపు మర్యాదట. కుదరదు అనాల్సిన చోట తల పక్కకు వంచి, పళ్ళ మధ్య గాలి పీల్చి, "కొంచెం కష్టం" అనేది. మనవాళ్ళకు కొంచెం కష్టం అంటే అయిపోతుందనే కదా! ఒకతను తన బావమరిదిని హీరో చేయమన్నాడు. ఆమె "కొంచెం కష్టం" అంది. వారం తిరక్కుండా బావమరిది కొత్త బట్టలతో దిగాడు, జుట్టుకు రంగు కూడా వేసుకుని.

ఆ రోజు నుంచి వద్దు అనడం నా ఉద్యోగం అయింది. అంతమందికి వద్దు చెప్పడానికి దేవుడు నన్ను ముందే తయారు చేసి పెట్టాడు. ఆమె పళ్ళ మధ్య గాలి పీల్చగానే నేను కొంగు దోపుకుని లేచేదాన్ని. పనిలోకి వచ్చే ఆడపిల్లలకు చెబుతున్నాను: నవ్వుతూ వద్దనడం నేర్చుకోండి. నవ్వు రాకపోతే నాలాగా నవ్వకుండా అనండి. మధ్యలో మాత్రం ఆగొద్దు.

ముందే చెప్పే క్షమాపణ

ఇక అసలు పాఠం.

హనయే సాన్ వాళ్ళ దేశంలో మొదటిసారి సొంతంగా సినిమా తీసినప్పుడు, షూటింగు జరిగే ఇంటి కింద ఒక చేపల కొట్టు ఉండేదట. కెమెరా తిరగ్గానే కింద ఐసు పగలగొట్టే మిషను గరగరమని మొదలయ్యేది. ఆపగానే అదీ ఆగేది. మూడు రోజులు ఇదే వరస. నాలుగో రోజు ఆమె కొట్లాటకు కిందికి పోతే ఆ కొట్టు ముసలాయన అన్నాడట: "రోజూ నా గుమ్మం ముందు నుంచే పోతున్నారు. ఒక్కరైనా పలకరించారా?"

అప్పటినుంచి ఆమెది ఒక పద్ధతి. షూటింగుకు వారం ముందు, ఆ పని వల్ల ఇబ్బంది పడే ప్రతి ఇంటికీ పోవాలి. చేతిలో తినే వస్తువు ఒక డబ్బా. తలుపు తట్టాలి, నడుము వంచాలి, "మీకు ఇబ్బంది పెట్టబోతున్నాం, క్షమించండి" అనాలి. 

నాకు నవ్వొచ్చింది. "తప్పే చేయలేదు కదా ఇంకా, క్షమాపణ ఎందుకు?" అన్నాను.

"చేసినాక జెప్తే తప్పించుకునేది, సుబ్బమ్మ సాన్. ముందు జెప్తే పలకరించేది."

పద్ధతి మంచిదే, ఖర్చు మాత్రం నాకు నచ్చలేదు. రిబ్బను కట్టిన మిఠాయి పెట్టెలు కొనేది. మూడోసారి నేను అడ్డం పడ్డాను. బియ్యప్పిండి, శనగపప్పు, కారం, నువ్వులు వేసి నిప్పట్లు కాల్చాను. ఖాళీ పెరుగు డబ్బాలు కడిగి వాటిలో పోశాను. మిఠాయి తిన్నవాళ్ళు థాంక్యూ అన్నారు. నిప్పట్లు తిన్నవాళ్ళు మళ్ళీ షూటింగు ఎప్పుడని అడిగారు. బిల్డింగు కాపలా చూసే హారిస్ అయితే, "మా మేడ ఖాళీగానే ఉంది" అని తానే ఫోను చేసేవాడు.

వదిలేసిన తలుపు

ఆమె భర్త ఉద్యోగం అయిపోయింది. ఆ పై బుధవారం వాళ్ళ దేశానికి విమానం. చేతిలో సినిమా ఒకటి, అందులో ఆఖరి సీను ఒకటి, శుక్రవారం ఒకటి మిగిలాయి. ఆ శుక్రవారం పోతే సినిమా పోయినట్టే.

కథ ఒక పనమ్మాయిది. వారానికి ఒక్క సెలవు రోజు, మేడమీద స్నేహితురాళ్ళతో కూర్చుని సొంత ఊరి వంట ముందు పెట్టుకుంటుంది. మొదటి ముద్ద నోట్లో పెట్టుకోగానే మామా ఫోను చేసి వెంటనే రమ్మంటుంది. పిల్ల పళ్ళెం వదిలి లేచిపోతుంది. అంతే సినిమా. ఆ పిల్ల వేషం కరుణది. కరుణ గోదావరి పిల్ల, ఎగైలాలో ఒక ఇంట్లో నిజంగానే పని చేస్తుంది.

శుక్రవారం మధ్యాహ్నం చేపల పులుసు పొయ్యిమీద ఉంది. కరుణ ఫోను.

"అమ్మమ్మగారండీ, మామా ఎల్లద్దంటందండి. డ్రైవరు చెప్పేశాడంటండి, నేను మామాల్ని తిట్టే సినిమాలో ఏషం కడతన్నానని. నా ఉప్పు తిని నన్నే తిడతావా అని ఒకటే కోపమండి. ఇంటికి పంపేత్తానంటందండి!"

"ఏడవద్దు మ్మే. తలుపేసుకోని కూచో. ఏం మాట్లాడొద్దు."

పక్కనే ఉండి విన్న సంపత్ నేలమీద కూలబడ్డాడు. "ఇగ ఖతం అవ్వా. సామాన్లు సదురుకుందాం."

హనయే సాన్ నన్ను ఒక్కటే అడిగింది. "ఎవరి వాకిలి తట్టలే?"

బిల్డింగులో అన్ని తలుపులూ తట్టాను. కింద కొట్టు, పక్క మేడ, హారిస్ తమ్ముడు, అందరికీ ఇచ్చాను. కరుణ పనిచేసే ఎగైలా ఇల్లు కూడా తట్టాల్సిన తలుపుల లిస్టులో ఉంది. ఆమె నాలుగు నెలల ముందే రాసిచ్చింది. షూటింగు జరిగేది అక్కడ కాదు కదా, బస్సు చార్జీ దండగ, డబ్బా దండగ అని నేనే వదిలేశాను. పోయిన వారం నింపిన ఆ డబ్బా ఇంకా మా వంటింటి గూటిలోనే ఉంది.

చెప్పాను. తిడుతుందనుకున్నాను. ఆమె చెప్పులు వేసుకుంది. "డబ్బా తీస్కో. పోదాం పా."

ఎగైలాలో తలుపు తీసింది కరుణ మామానే. నిండైన మనిషి, కళ్ళల్లో నిప్పులు. వెనక ఇద్దరు చెల్లెళ్ళు. నోరు తెరిచేలోపు హనయే సాన్ గుమ్మంలో నడుము వంచేసింది. ఇంత అంత కాదు, తల మోకాళ్ళ దాకా. లేవదే! 

మామా తిట్టబోయి ఆగిపోయింది. "షినూ హాదా? ఏంటిది, ఈమెకు నడుము పట్టేసిందా? కుర్చీ తెండి! నీళ్ళు తెండి!"

చెల్లెళ్ళు పరిగెత్తారు. తప్పు నాది కదా, నేనొక్కదాన్ని నిలబడితే బాగుండదని నేనూ వంగాను. వంగడం వంగాను. ఆమెకు నడుము పట్టలేదు గానీ, నాకు నిజంగానే పట్టేసింది. డబ్బా ఒక చేత్తో పట్టుకుని, తల కిందికేసి, "అమ్మా, అయ్యో" అంటున్నాను. హనయే సాన్ లేచింది, నేను లేవలేదు. లోపలి గదిలోంచి కరుణ కేకలు, "మా అమ్మమ్మగారికేమయిందండీ!"

తర్వాత ఐదు నిమిషాలకు నేను వాళ్ళ సోఫాలో బోర్లా పడి ఉన్నాను. మామా స్వయంగా నా నడుముకు అమృతాంజనం లాంటిదేదో రుద్దుతోంది, రుద్దుతూనే తిడుతోంది. "ఈ వయసులో ఈ వంగడాలేమిటి? నీకు బుద్ధి లేదా? మీ జపాను ఆమెకైనా లేదా?" అరబ్బీలో అంత కమ్మటి తిట్లు నేను వినలేదు.

చెల్లెలు డబ్బా మూత తీసింది. మామా ఒక నిప్పట్టు కొరికింది. కారం నషాళానికి అంటింది. నీళ్ళు తాగింది. ఇంకోటి తీసుకుంది. అప్పుడు హనయే సాన్ నెమ్మదిగా కథ చెప్పింది: ఇందులో మామా కనబడదు, ఫోనులో గొంతు మాత్రమే వినబడుతుంది.

"ఎవరిదా గొంతు?"

"నాదే" అంది హనయే సాన్.

"ఏదీ, పిలువు."

హనయే సాన్ నిలబడి, చేతులు కట్టుకుని, చిలక పలికినట్టు, "కరుణా, తఆలీ, యల్లా" అంది, రా, తొందరగా అని. చివర కొంచెం వంగింది కూడా.

చెల్లెళ్ళు ఒకరి మీద ఒకరు పడ్డారు. మామాకు నవ్వుతో పొరపోయింది. "మామా అలా పిలుస్తుందా? పిల్లికి పాలు పోసేవాళ్ళు అలా పిలుస్తారు! నన్ను తిట్టే సినిమా తీస్తూ, నా గొంతు కూడా ఇంత చెడగొడతారా? కరుణా! నా అబాయా తీసుకురా! వీళ్ళకు మామా ఎలా పిలుస్తుందో నేను చూపిస్తాను!"

మూడు టేకుల చేప

పెద్ద కారు, ముగ్గురు అక్కచెల్లెళ్ళు, రెండు టీ ఫ్లాస్కులు, చెక్కపలకలా బిగుసుకున్న నేను, దారిలో ఎక్కించుకున్న పులుసు గిన్నె. మంగఫ్‌లో దిగాం. ఆ రోజే లిఫ్టు పనిచేయలేదు. అంతస్తుకోసారి మామా ఆగి బిల్డింగు కట్టినవాడి వంశాన్ని పలకరించింది. మేడమీదికి చేరేసరికి మగ్రిబ్ బాంగుకు, అంటే పొద్దుగూకే వేళ నమాజు పిలుపుకు, ఎక్కువ సేపు లేదు. వెలుతురు అంతవరకే.

ఇంకో చిక్కు నాది. ప్రతి టేకుకూ కొత్త పళ్ళెం, పూర్తి చేప ముక్క కావాలి. దండగెందుకని మూడు టేకులకు సరిపడానే వండాను.

మామా నీళ్ళ ట్యాంకు వెనక ఫోనుతో నిలబడింది. "కానీ మ్మే!"

మొదటి టేకు. మామా ఎంత గట్టిగా "కరుణా!" అని అరిచిందంటే, కరుణ అలవాటుకొద్దీ "వత్తన్నా మామా!" అని నిజంగానే లేచి మెట్లు దిగి పారిపోయింది. రెండో అంతస్తులో పట్టుకొచ్చాం. ఒక చేప పోయింది.

రెండో టేకులో చెల్లెలు కిసుక్కుమంది. ఇంకో చేప పోయింది.

"అవ్వా, ఇంకెన్ని ఉన్నయ్?" అన్నాడు సంపత్.

"ఒకటి."

"ఒక్కటేనా! నీ పిసినారితనం తగలెయ్య!"

"అరవద్దు. వెలుతురు కూడా ఒకటే ఉండాది."

మూడోది. కరుణ ముద్ద కలిపింది. నోట్లో పెట్టుకుంది. ఫోను మోగింది. మామా ట్యాంకు పక్క నుంచి తొంగి ఆ పిల్లనే చూస్తోంది. అలా నేలమీద కూర్చుని, చేత్తో, కళ్ళు మూసుకుని తినడం ఆమె ఎప్పుడూ చూసి ఉండదు. అనాల్సిన మాట అనలేదు.

"కరుణా... ఏం తింటున్నావు?"

కరుణ కళ్ళు తెరిచింది. ఇది కథలో లేదు. "చేపల పులుసు, మామా" అంది, అరబ్బీ సగం, గోదావరి సగం.

మామా అంది: "తిను. తిన్నాక రా."

సంపత్ ఆపమని చెయ్యి ఎత్తబోయాడు. హనయే సాన్ అతని మణికట్టు పట్టుకుంది. కరుణ ఫోను పక్కన పెట్టింది. ముల్లు తీసింది. తిన్నది. కన్నీళ్ళు కారుతున్నాయి, నవ్వుతోంది, తింటోంది. పళ్ళెంలో ఒక్క మెతుకు మిగల్చలేదు. వేళ్ళు నాకేసరికి బాంగు మొదలైంది.

సినిమా అయిపోయింది. రాసుకున్న కథ కంటే మంచిది అయింది. అందరం గంతులేశాం. నేను నడుము పట్టుకుని వేశాను. మామా చెమట తుడుచుకుంటూ గిన్నె దగ్గరికి వచ్చి మూత తీసి చూసింది.

"మాకు లేదా?"

లేదు. అడుగున పులుసు మాత్రం ఉంది. ఇంకో చేప కొని ఉండాల్సిందని నా జన్మలో అనుకున్నది అప్పుడొక్కసారే. ముగ్గురక్కచెల్లెళ్ళూ రొట్టె ముంచుకుని ఆ పులుసే తిన్నారు.

నా తలుపు

మంగళవారం పొద్దున మా గది తలుపు ఎవరో తట్టారు. తీస్తే హనయే సాన్. చేతిలో పెరుగు డబ్బా. గుమ్మంలో నడుము వంచింది.

"ఏంది ఇది? నాకెందుకు క్షమాపణ?"

"ఇబ్బంది పెట్టబోతాండా, సుబ్బమ్మ సాన్." లిస్టు పుస్తకం, కెమెరా సంచి తాళం నా చేతిలో పెట్టింది. "రేపటి నుంచి నువ్వే."

నేను వద్దు అనొచ్చు. వద్దు అనడం నా ఉద్యోగమే కదా! పళ్ళ మధ్య గాలి పీల్చి, "కొంచెం కష్టం" అన్నాను. ఆమె నవ్వింది. దాని అర్థం ఆమెకు తెలుసు. కానీ నేను రాయచోటి మనిషిని, నా నోట్లో దాని అర్థం వేరే అని కూడా తెలుసు.

డబ్బాలో నిప్పట్లు. తానే కాల్చిందట. రాళ్ళు. నాకు అప్పటికే దవడ పళ్ళు లేవు. ఆమె పోయాక టీలో ముంచి, నానబెట్టి, ఒక్కొక్కటే చప్పరించి అన్నీ తిన్నాను. ఒక్కటి కూడా పారేయలేదు.

తర్వాత డబ్బా కడిగి, ఎండబెట్టి, నా నిప్పట్లు పోశాను. చేప ఒకటి ఎక్కువే కొని పులుసు వండి గిన్నెకెత్తాను. బస్సెక్కి ఎగైలా పోయి, ముందుగా ఆ తలుపే తట్టాను.